నూట నలభై మూడో ప్రతివాది

నోటీసు మా ఆఫీసుకే వచ్చింది.
ఇన్‌వార్డు రిజిస్టరు నా బల్ల మీదే ఉంటుంది కనక
"అందినది" అని ముద్ర కొట్టింది కూడా నేనే.
కవరు చింపాకే తెలిసింది
అందుకోవాల్సింది ఆఫీసు కాదని.

పిటిషనర్లు: ప్యారీ కుజూర్, మరో అరవై ఇద్దరు.
ప్రతివాదులు: రాష్ట్రం, కమిషను, పరీక్షల కంట్రోలరు,
ఆ తర్వాత మేము
సంతలో ఒకే తాడుకి కట్టిన మేకల్లా.
నూట నలభై మూడు దగ్గర ఎల్బీనా సోరెంగ్,
ఇంటిపేరులో ఒక అక్షరం తప్పు పడి.

ప్యారీని నేను పేరుతో ఎప్పుడు పిలిచాను గనక!
కరమ్ పండగనాడు చెవిలో పువ్వు మార్చుకున్నప్పటి నించీ
తను నాకు సహియా, నేను తనకి సహియా.
రాంచీలో, లాల్‌పూర్ వెనక సందులో, రేకుల గదిలో
ఒకే బల్బు కింద నాలుగేళ్లు.
వానకి రేకులు మోగుతుంటే
రాజ్యాంగం అధికరణాలు అరిచి అప్పజెప్పుకునేవాళ్లం.
పదహారోది తనకి ఇష్టం.
"ప్రభుత్వ ఉద్యోగాల్లో సమాన అవకాశం" అని
ధుస్కా తిన్న నూనె వేలితోనే గోడ మీద రాసింది.
మరక ఇంకా ఉండుంటుంది.

పరీక్ష ముందురోజు ఐదు నల్ల పెన్నులు కొన్నాం.
రెండు తనకి, రెండు నాకు,
ఐదోది ఎవరిది ఎండిపోతే వాళ్లకి.

నాకు వచ్చింది.
తనకి రెండు మార్కుల్లో పోయింది.
సిమ్‌డేగా బస్సు మీదకి నా ట్రంకుపెట్టె
తనే ఎత్తి అందించింది.

ఇప్పటికి పంతొమ్మిది వాయిదాలు.
ఒకసారి జడ్జి సెలవు. ఒకసారి ప్రభుత్వ వకీలుకి జ్వరం.
ఒకసారి కమిషను మోయించుకొచ్చిన పెట్టెకి తాళంచెవి లేదు.
ఇంకోసారి పెట్టె తెరిచారు, చెదలు పట్టిందన్నారు.
చెదలు కూడా ఏరుకుని తింటాయి కాబోలు,
కావలసిన నలభై షీట్లే తిన్నాయి.
పదిహేడో వాయిదానాడు ప్యారీకి వయోపరిమితి దాటింది.
ఏడవలేదట.
కోర్టు వరండాలో కూచుని
సత్తుపిండి కలుపుకు తిందట.

నేను చదివే పాసయ్యాను.
ఈమధ్య ఈ మాట
నా చెవికే అబద్ధంలా వినిపిస్తోంది.
కలుపు పీకే చేతికి
వరి మొక్క ఏ సాక్ష్యం చూపిస్తుంది?

అయితే ఒకటుంది.
నా ముందు బెంచీ, నీలం స్వెట్టరు.
రెండు గంటలు అతను పెన్ను మూత తియ్యలేదు.
కిటికీ అవతలి సాలచెట్లు చూశాడు, ఒకసారి ఆవులించాడు,
గంట కొట్టాక తెల్లటి షీటు ఇచ్చేసి
పెళ్లిభోజనం అయినవాడిలా లేచి వెళ్లాడు.
పాపం ఏమీ రాదేమోనని
నాకు జాలేసింది కూడా.
లిస్టులో అతను పదకొండోవాడు.
పోయిన నెల నా సెలవు చీటీ మీద
సంతకం పెట్టింది అతనే.

మా అందరికీ కలిపి ఒకే వకీలు, తలా మూడు వేలు.
కౌంటరు టైపు చేయించి తెచ్చాడు.
"ఎనిమిదో పేరా చూసుకోమ్మా, మామూలే."
పరీక్ష హాలులో ఎటువంటి అక్రమమూ నా దృష్టికి రాలేదు.
నా దృష్టి.
అద్దాలు లేని, రెండు గజాల దూరంలో ఉన్న
నా దృష్టి.

వరండా ఆ చివర ప్యారీ.
చెవుల దగ్గర జుట్టు నెరిసింది.
నన్ను చూసి చెయ్యెత్తబోయి
పక్కన అరవై ఇద్దరున్నారని గుర్తొచ్చిందేమో
కొంగు సర్దుకున్నట్టు దించేసింది.

సంతకం చోట
వకీలు పెన్సిలుతో చిన్న సున్నా చుట్టి పెట్టాడు,
అచ్చం ఆ షీటు మీది సున్నాల్లాగే.
"ఆలోచించుకోవాలంటే తొందరేం లేదు,
ఖాళీగానే ఇచ్చెయ్యి,
తర్వాత చూసుకుందాం" అన్నాడు.

ఖాళీగా ఇచ్చిన కాగితం
తర్వాత ఏమవుతుందో
నాకు కాక ఎవరికి తెలుసు?